పిల్లి పశువు కాదన్నారు

నవోమమ్మ ప్రతి ఉదయం ప్రార్థనకు మోకరించేముందు తన పిల్లి పై పెదవిని బొటనవేలితో పైకెత్తి చిగురు చూసేది. ఉడికిన రొయ్య రంగులో ఉందో లేదో చూసి, వేలితో ఒక్క నొక్కు నొక్కి వదిలి "ఆమెన్" అనేది. ఆ మాట పూర్తయ్యేలోపల, తెల్లబడ్డ చోట మళ్ళీ ఎరుపు కనిపించాలి. కనిపిస్తే పిల్లిని కింద దించి తన ప్రార్థన మొదలుపెట్టేది. అందరి ఇళ్ళలో ప్రార్థన తర్వాత ఆమెన్ వస్తే, ఆమె ఇంట్లో ఆమెన్ తర్వాత ప్రార్థన వచ్చేది.

మా పాలెంలో ఈ సంగతికి నవ్వనివాళ్ళు లేరు.

"ఏం నవోమక్కా, పిల్లికి బాప్తీస్మం ఎప్పుడిప్పిస్తా ఉండావు?" అని నీళ్ళకు పోయే ఆడవాళ్ళు దడి మీద నుంచి అడిగేవాళ్ళు.

"మీ మొగుళ్ళకు ఇప్పించినాక," అనేది ఆమె. "వాళ్ళకంటే ఇదే నయం. రోజుకు పదిసార్లు మొహం కడుక్కుంటాది."

ఈ చిగురు చూసే విద్య ఆమెకు ఆసుపత్రిలో వచ్చింది. పట్నంలో ఒక మిషను ఆసుపత్రిలో, కాన్పుల వార్డులో, ఇరవై రెండేళ్ళు ఆయాగా పనిచేసింది. బిడ్డను కన్న తల్లికి నెత్తురు ఎక్కువ పోతే గోళ్ళూ పెదాలూ పాలిపోతాయి. నర్సులు వేలు నొక్కి, గడియారం చూసి, రంగు ఎంతసేపటికి వచ్చిందో లెక్కపెట్టేవాళ్ళు. ఆయాలకు గడియారం లేదు. నవోమమ్మకు ఆమెన్ ఉంది. ఆ మాట అనేలోపల రంగు రాకపోతే చేతిలో ఏమున్నా పడేసి డాక్టరమ్మ కోసం పరుగెత్తేది. అట్లా పరుగెత్తి ఎందరు తల్లుల్ని నిలబెట్టిందో ఆమె చెప్పలేదు, మేమూ అడగలేదు.

భర్త పోయాక ఆమె మా ఊరు వచ్చింది. సముద్రానికీ కాలవకూ మధ్య ఇసక మీద ఉంటుంది మా పాలెం. ఎనిమిది కిరస్తానీ ఇళ్ళు ఒక పక్క, సముద్రంలో వేటకు పోయే పట్టపోళ్ళ ఇళ్ళు అరవై దాకా ఇంకో పక్క. రెంటికీ నడుమ ఆమె తాటాకు ఇల్లు. కాన్పు ఎవరింట్లో అయినా ఆమే పోవాలి. పక్కింటి చిన్నపోలయ్య భార్య మస్తానమ్మ రోజూ చేపలు కోసేటప్పుడు ఒక తలకాయ పక్కన పెట్టి, "ఇది గవ్వ వాటా" అని దడి సందులోంచి అందించేది. ఇంట్లో పిల్లలకు చారు చాలని రోజున కూడా ఆ వాటా తప్పలేదు. ఇటువంటివి ఎవరూ రాసిపెట్టరు. దేవుడు రాసుకుంటాడని నా నమ్మకం.

గవ్వ అంటే నవోమమ్మ పిల్లి. తెల్లటి ఒంటి మీద గోధుమరంగు మచ్చలు, అచ్చం ఒడ్డున దొరికే గవ్వ మాదిరే.

అరవై మూడో సంవత్సరం నాటికి మా పాలేనికి నైలాను దారం వచ్చింది. అంతకుముందు అంతా నూలు దారమే. నూలును పిల్లి మింగినా లోపల నానిపోయి, మెత్తబడి, ఎట్లాగో బయటపడేది. నైలాను నానదు, తెగదు. అందుకేగా మావాళ్ళు దాన్ని అంత మురిపెంగా కొన్నది! గాలాలు కట్టి మిగిలిన తుంపులు ఇసక మీద పడేసేవాళ్ళు. వాటికి ఎర వాసన ఉంటుంది. పిల్లికి ఏం తెలుసు?

ఇంకొక సంగతి కూడా చెప్పాలి, లేకపోతే జరిగింది అర్థం కాదు. మా పట్టపోళ్ళు వేట దారాన్ని కోయరు. రాళ్ళలో తగులుకున్నా, పక్కవాడి వలలో చిక్కినా, ఓపిగ్గా అటూ ఇటూ ఆడించి లాగుతారే తప్ప కత్తి పెట్టరు. దారం కోస్తే వేట కోసినట్టే అని వాళ్ళ మాట. పసితనం నుంచి ఆ చేతులకు తెలిసింది ఒక్కటే, చిక్కిన దారాన్ని లాగడం.

ఆ మంగళవారం నవోమమ్మ కాలవ అవతల ఒక కాన్పుకు పోయింది. పొద్దెక్కాక చిన్నపోలయ్య వల ఆరేయడానికి వచ్చి, పడవ నీడలో గవ్వను చూశాడు. చొంగ కారుతోంది. నోటి పక్కన మీసం మాదిరి దారం వేలాడుతోంది. గవ్వ కాలితో నోటిని గీరుకుంటోంది.

ఆయన మంచివాడు. ఎండలో ఎవరి బిడ్డ ఏడుస్తున్నా ఎత్తుకునే మనిషి. "అయ్యో తల్లీ, గొంతులో ఇరుక్కుండాదే" అని కూర్చుని, గవ్వను మోకాళ్ళ నడుమ పట్టుకుని, దారం కొస అందుకుని లాగాడు. జానెడు వచ్చింది. ఆగింది. వేలికి చుట్టుకుని, తగులుకున్న గాలాన్ని లాగినట్టు, మెల్లిగా, గట్టిగా, మళ్ళీ లాగాడు. గవ్వ పెట్టిన కేకకు మస్తానమ్మ పొయ్యి దగ్గర నుంచి లేచి వచ్చింది. పిల్లి ఆయన చెయ్యి రక్కి పడవ కిందికి దూరింది.

నవోమమ్మ సాయంత్రం వచ్చి చూసేసరికి గవ్వ ముడుచుకుని పడుకుని ఉంది. పాలు పెడితే వాసన చూడలేదు. పసుపు పచ్చగా కక్కుకుంది. కడుపు మీద చెయ్యి వేస్తే మూలిగింది. నోరు తెరిచి చూస్తే దారం నాలుక అడుగున చుట్టుకుని లోపలికి పోయి ఉంది. మర్నాడు తెల్లవారి ఆమె పెదవి ఎత్తి, నొక్కి, ఆమెన్ అంది. తెల్లబడ్డచోటు అట్లాగే ఉంది. రెండోసారి అంది. మూడోసారి అన్నాక ఎప్పుడో కొంచెం రంగు వచ్చింది.

ఆ పొద్దు ఆమె ప్రార్థన చేయలేదు. చేపల గంపలో పాతచీర పరిచి, గవ్వను పెట్టి, పశువుల ఆసుపత్రికని కాలవ పడవ ఎక్కింది. మా అక్క ఇంటికి పోవడానికి నేనూ ఆ పడవలోనే ఉన్నాను. పడవ నడిపే రమణయ్య గంపలోకి తొంగి చూసి, ఒక్క మాట అడగకుండా తన తలగుడ్డ విప్పి గంప మీద నీడగా కట్టాడు. ఆయన బట్టతల ఎండకు నల్లగా కమిలింది. దారిపొడుగునా మళ్ళీ ఆ గుడ్డ అడగలేదు.

ఆమె ఒంటరిగా ఎందుకని నేనూ ఆసుపత్రి మెట్లెక్కాను. ఎక్కకపోయినా బాగుండేదనిపిస్తుంది కొన్నిసార్లు. ఆ రోజు చూసింది గుర్తొస్తే ఇన్నేళ్ళ తర్వాత కూడా నాకు కడుపు మండుతుంది, ప్రభువు నన్ను క్షమించుగాక.

బల్ల వెనక కాంపౌండరు కూర్చున్నాడు. తలెత్తకుండా, "ఏందమ్మా గంపలో?" అన్నాడు.

"పిల్లి అయ్యా. నైలాను దారం మింగినాది. పక్కింటాయన తెలీక లాగినాడు. నిన్నటి నుంచి కక్కతా ఉండాది. కడుపు చెక్క మాదిరుంది. చిగుళ్ళు పాలిపోయినాయి. ఎక్కువసేపు లేదయ్యా, తొందరగా చూడాల."

మంచి నర్సు కూడా అంత క్లుప్తంగా, అంత సరిగ్గా చెప్పలేదు. ఆయన చెవికి మొదటి మాట తప్ప ఇంకేమీ ఎక్కలేదు.

"పిల్లా?" అని తలెత్తాడు. "బయట బోర్డు చదవలేదా?"

"చదివినా. పశు వైద్యశాల."

"పశువంటే ఏంది? ఎద్దు, ఆవు, బర్రె. పోనీ గొర్రె, మేక. పిల్లి పశువా? పాలిస్తాదా, దున్నతాదా?"

"ప్రాణం ఉండాది గదయ్యా."

"ప్రాణం దోమకీ ఉండాది. ఈ ఆసుపత్రి పెట్టి పదకొండేళ్ళు. ఒక్క పిల్లి వచ్చింది లేదు. ఇదిగో, రిజిస్టరు చూసుకో." నిజంగానే ఆ లావుపాటి పుస్తకం ఆమెవైపు తిప్పి, గీతలు గీసిన గళ్ళ మీద వేలితో కొట్టాడు. "ఎద్దులు, ఆవులు, గేదెలు, గొర్రెలు, కోళ్ళు. యాడుంది పిల్లి? యాడ రాయమంటావు నన్ను?"

"దేవుడు ఊపిరి పోసేటప్పుడు రిజిస్టరు ముందర పెట్టుకోలేదయ్యా," అంది నవోమమ్మ.

"అట్లయితే ఆయన దగ్గరికే తీసకపో."

అక్కడ కూర్చున్న ఇద్దరు ముగ్గురు నవ్వారు. బర్రె తాడు పట్టుకున్న ఒక ముసలాయన మాత్రం నవ్వకుండా, "నా బర్రె ఆగతాదిలే, ఆయమ్మను ముందు చూడరాదా?" అన్నాడు. కాంపౌండరు వినిపించుకోలేదు.

"డాక్టరుగారు ఉండారా అయ్యా?"

"లేరు."

ఆమె వరండాలో గోడవారగా కూర్చుంది. ఇరవై రెండేళ్ళు ఆసుపత్రిలో, కూర్చోమంటే కూర్చుని, లెమ్మంటే లేచిన మనిషి. పెద్దవాళ్ళు లేరంటే లేరనే నమ్మింది. ఊడ్చే పోలేరమ్మ చీపురు పక్కన పెట్టి, "ఇట్టా నీడకు జరుగక్కా" అని గంప తనే లాగి, తడిగుడ్డ తెచ్చి ఇచ్చింది. గవ్వ నోరు తెరిచి ఊపిరి తీస్తోంది. పిల్లి నోరు తెరిచి రొప్పిందంటే ఇంక ఆలస్యం చేయగూడదని నవోమమ్మ నాకు పడవలోనే చెప్పి ఉంది. కుక్క రొప్పడం వేరు, పిల్లి రొప్పడం వేరట.

కుక్క అంటే గుర్తొచ్చింది. పదిన్నరకు ఒక కారు వచ్చి ఆగింది. రైసుమిల్లు యజమాని కుక్క, దూడంత ఉంది. కాలిలో ముల్లు గుచ్చుకుందట. డ్రైవరు దాన్ని దింపేలోపలే మన కాంపౌండరు మూడు మెట్లు దిగి ఎదురుపోయాడు. "రాండి, రాండి. అయ్యో, పెద్ద ముల్లే!" అని తనే దాని కాలు ఒళ్ళో పెట్టుకుని, ముల్లు తీసి, మందు రాసి, కట్టు కట్టి, తల నిమిరాడు. గదిలో బల్ల ఉంది. కత్తెర ఉంది. చేతులున్నాయి. దయ కూడా ఉంది, చూశాం కదా! అది కారులో వచ్చినవాళ్ళకు దాచిపెట్టుకున్న దయ.

కుక్క ఎప్పటి నుంచి పశువైంది? పాలిస్తుందా, దున్నుతుందా? ఏ గడిలో రాశాడు దాన్ని?

నేను ఈ మాట పైకే అన్నాను. నవోమమ్మ నా చెయ్యి పట్టుకుంది. "అరవబాక అమ్మా, ఇది భయపడతాది," అంది. గవ్వ తల ఆమె అరచేతిలో ఉంది.

పన్నెండు కొట్టకముందే అయిపోయింది. ఆమె పెదవి ఎత్తి, నొక్కి, ఆమెన్ అంది. ఈసారి రంగు కోసం ఎదురుచూడలేదు.

పోలేరమ్మ అప్పుడు వచ్చి ఆమె పక్కన కూలబడింది. నోటికి కొంగు అడ్డం పెట్టుకుని, "అక్కా, డాక్టరుగారు వెనక దొడ్లోనే ఉండారు. ఈనలేని బర్రెను చూస్తా ఉండారు. చెప్తే ఈయన నా పని తీసేస్తాడని నోరు రాలా," అని ఏడ్చింది.

యాభై అడుగులు! నడిస్తే యాభై అడుగులు ఉండదు ఆ దొడ్డి. నాకు పోలేరమ్మ మీద కోపం రాలేదు. చీపురు పట్టిన మనిషి నిజం చెప్పడానికి భయపడేటట్టు చేసినవాడి మీద వచ్చింది. నవోమమ్మ ఆమె వీపు నిమిరింది. "నువ్వు తడిగుడ్డ ఇచ్చినావు గదమ్మా," అంది. లేచి దొడ్డివైపు ఒక్కసారి చూసి, "ఇప్పుడు పొయ్యి ఏం చూపించేది?" అని గంప ఎత్తుకుంది.

ఊళ్ళో ఎవరు ఎదురైనా ఒకటే మాట. పిల్లే గదా. పోనీలే నవోమక్కా, పిల్లే గదా. ఇంకొకటి తెచ్చుకుందువు. ఆ 'గదా' అనే రెండక్షరాలకు ఎంత ప్రాణాన్నయినా తుడిచేసే బలం ఉంది. ఆదివారం గుడిలో ప్రార్థన మనవులు చెప్పే వేళ ఆమె లేచి, "నా ఇంట్లో ఒక ప్రాణం పోయింది. నా మనసులో కోపం ఉండాది. అది నన్ను తినేయకుండా ప్రార్థన చెయ్యండి," అంది. సంఘపెద్ద ఆనందబాబు గారు కంగారుగా, "ఎవరు పోయారమ్మా?" అన్నారు. "గవ్వ" అంది. గుడిలో కిచకిచమని నవ్వారు. పెద్దాయన గొంతు సవరించుకుని, ఆత్మ లేని వాటి కోసం సంఘం ప్రార్థించదని వివరించబోయారు.

"నేను పిల్లి కోసం అడగలేదయ్యగారూ. కోపం నాది. ఆత్మా నాదే," అని ఆమె కూర్చుంది.

ఆ ఆదివారం మేం ఎవరం తలెత్తి పాట పాడలేదు. పాడగూడదు కూడా.

ఇక్కడ చిన్నపోలయ్య నాలుగు రోజులుగా వేటకు పోలేదు. రక్కిన చెయ్యి చూసుకుంటూ కూర్చున్నాడు. మస్తానమ్మ చేపలు కోస్తూ అలవాటు కొద్దీ ఒక తలకాయ పక్కన పెట్టి, దాన్ని చూసి ఏడ్చేది. ఆ సాయంత్రం నవోమమ్మే దడి దాటి వాళ్ళింటికి పోయింది.

"అక్కా, ఈ చేత్తోనే చంపినా," అన్నాడు ఆయన.

"నీ చెయ్యి చంపలేదు అబ్బయ్యా. నీ చేతికి తెలిసిందొకటే పని. రెండో పని ఎవురూ నేర్పలేదు. రేపు నన్ను ఆసుపత్రికి తీసకపో. మనిద్దరం అడిగి తెలుసుకుందాం."

"మళ్ళీ ఆ మెట్లెక్కతావా?"

"ఎక్కతా. ఈసారి ఎవురు లేరన్నా వెనక దొడ్డికే పోతా."

సోమవారం వాళ్ళిద్దరూ పోయారు. అక్కడ జరిగింది చిన్నపోలయ్య వచ్చి మా అందరికీ చెప్పాడు. ఆయనకు లేనిది కల్పించడం చేతకాదు, అందుకని అది అట్లాగే జరిగిందని నాకు నమ్మకం.

కాంపౌండరు "ఇంకో పిల్లా?" అన్నాడట. నవోమమ్మ వరండా చుట్టి నేరుగా దొడ్లోకి పోయింది. డాక్టరు కుర్రవయసువాడు, ఉద్యోగంలో చేరి ఏడాది. మోచేతుల దాకా నురగతో చేతులు కడుక్కుంటున్నాడు. ఆమె చెప్పడం మొదలుపెట్టి, దారం, లాగడం, కక్కు, గట్టిపడ్డ కడుపు, తెల్ల చిగురు, అన్నీ వరసన చెప్పేసరికి ఆయన చేతులు నీళ్ళలోనే ఆగిపోయాయి.

"బుధవారమా? నేను ఇక్కడే ఉన్నానే! నాతో ఎవరూ చెప్పలేదే!"

"తెలుసయ్యా."

ఆయన చేతులు తుడుచుకుని ఆమెను లోపలికి పిలిచి కుర్చీ వేశాడు. చిన్నపోలయ్యను కూడా కూర్చోమన్నాడు. దారం నాలుక అడుగున చుట్టుకుంటుందనీ, రెండో కొస పేగుల్లోకి పోతుందనీ, లాగితే పేగు కుచ్చిళ్ళు పడి, దారమే కత్తి మాదిరి లోపల కోస్తుందనీ కాగితం మీద బొమ్మ గీసి చూపించాడు.

"లాగకుండా వెంటనే తెస్తే, నాలుక కింద చుట్టుకున్న చోట కత్తెరతో ఒక్కటి కత్తిరిస్తాం. పట్టు వదిలితే చాలాసార్లు దారం దానంతట అదే కిందికి పోతుంది. మూడు రోజులు కనిపెట్టుకుని ఉండాలి. పోకపోతే కడుపు కోయాలి."

చిన్నపోలయ్య అప్పటిదాకా తల దించుకుని ఉన్నవాడు ఆ మాటకు తలెత్తాడట. "కొయ్యాల్నా? దారాన్ని?"

"అవును. లాగకూడదు, కోయాలి."

పుట్టినప్పటి నుంచి కోయగూడదని నేర్చుకున్న మనిషి ఆయన. ఆ కాగితం ఇమ్మని అడిగి తెచ్చుకున్నాడు. ఆ బొమ్మ ఇప్పటికీ వాళ్ళింట్లో దూలానికి దోపి ఉంది. ఎవరి పిల్లి నోట్లో దారం కనిపించినా ఆయనే ముందు పరుగెత్తి, "లాగొద్దు, లాగొద్దు!" అని అరుస్తాడు. తుంపులు ఇసక మీద పడేస్తే తిట్టేదీ ఆయనే.

"లాగినాక తెచ్చినా బతికేదా అయ్యా?" అని నవోమమ్మ అడిగింది.

డాక్టరు అబద్ధం చెప్పలేదు. "బతికేదని చెప్పలేనమ్మా. అప్పటికే లోపల తెగి ఉండొచ్చు. కానీ చూసేవాణ్ణి. తప్పకుండా చూసేవాణ్ణి."

ఆ మాటకు ఆమె కళ్ళు తుడుచుకుంది. గవ్వ పోయినాక ఆమె ఏడవడం అదే మొదటిసారి అని చిన్నపోలయ్య చెప్పాడు. ఎవరూ చూడకుండానే గవ్వ పోయింది, అదే కదా ఆమె కోపం. బతకదని చెప్పి ఉంటే ఓర్చుకునేది. పశువు కాదన్నారు.

డాక్టరు గట్టిగా కాంపౌండరును పిలిచాడు. ఆయన వచ్చి తలుపు దగ్గర నిలబడ్డాడు. మొహంలో నెత్తురు చుక్క లేదట. ఆ మొహానికి కూడా ఆమెన్ చెప్పి చూడాల్సిందే అని చిన్నపోలయ్య మాకు చెప్తూ ఎగతాళి చేశాడు.

"ఈయన మీద పైకి రాయమంటారా అమ్మా? మీరు సంతకం పెడితే రాస్తాను. ఏం చేయమంటారో చెప్పండి," అన్నాడు డాక్టరు.

"ఆయనకు పెళ్ళాం బిడ్డలుంటారు. వద్దు," అంది నవోమమ్మ. "నాకు వేరే ఒక ఉపకారం చెయ్యండి అయ్యా. ఆ రిజిస్టరు తెప్పించండి. బుధవారం పేజీ తియ్యండి. గడి లేకపోతే పక్కన సందులో రాయండి. పిల్లి, పేరు గవ్వ, తొమ్మిది గంటలకు వచ్చింది అని. వైద్యం చేసినామని రాయబాకండి, చెయ్యలేదు గదా. వచ్చింది అని ఒక్క మాట. రేపు ఇంకెవురన్నా గంప ఎత్తుకోని ఈ మెట్లెక్కితే, ఈడికి ఎప్పుడూ పిల్లి రాలేదని మాత్రం ఆయన అనగూడదు."